మూడో వరసలో మొదటి నవ్వు

ఆమె అసలు పేరు స్టూడియోలో జీతాలు చూసే గుమాస్తాకు తప్ప ఎవరికీ తెలియదు. గేటు దగ్గర కాపలా మనిషి నుంచి యాంకరు దాకా అందరికీ ఆమె నవ్వులక్క. చేసే ఉద్యోగమూ అదే, నవ్వడం. రాత్రి పొద్దుపోయాక టీవీలో ఒక హాస్య కార్యక్రమం వస్తుంది. యాంకరు జోకు వేయగానే ఎవరో ఒకావిడ పకపకా మొదలుపెడుతుంది, ఆ వెనకాలే హాలంతా గొల్లుమంటుంది. ఆ ఒకావిడే ఈవిడ. మూడో వరస, నడవ పక్క కుర్చీ.

ఇదీ ఒక ఉద్యోగమేనా అని మూతి విరవకండి. జనానికి నవ్వు రాక కాదు, మొహమాటం. పక్కవాడు నవ్వకుండా మనం నవ్వితే ఏమనుకుంటారో అని ప్రతివాడూ పక్కవాడి మొహం చూస్తాడు. ఆ పక్కవాడు ఇంకో పక్కకి చూస్తాడు. ఈలోగా జోకు చల్లారి చద్దిదైపోతుంది. కాబట్టి ఎవరో ఒకరు సిగ్గు విడిచి ముందు మొదలుపెట్టాలి. అదీ సమయం చూసి మొదలుపెట్టాలి. యాంకరు నోట్లోంచి ఆఖరి మాట పడిందో లేదో, ఆయన పెదవులు ఇంకా మూతపడకముందే అందుకోవాలి. ఒక్క పిసరు తొందరపడితే జోకు ముందే బయటపడుతుంది, ఒక్క పిసరు ఆలస్యమైతే హాలు బిగుసుకుపోతుంది. ఇన్నేళ్లలో ఆమె తడబడింది ఒక్కసారే, అది కూడా తుమ్ము వచ్చి.

ఇంకో వింత చెప్పాలి. అది అర్ధరాత్రి కార్యక్రమం అన్నమాటే గానీ, చిత్రీకరణ మాత్రం మధ్యాహ్నం భోజనాలయ్యాక. గోడ మీద వేసిన పట్నం బొమ్మలో చుక్కలు మెరుస్తుంటాయి, యాంకరు చేతులు జోడించి శుభరాత్రి చెప్తాడు, జనం తలుపు తోసుకుని బయటికి రాగానే ఎండ ఫెళ్లున మొహాన కొడుతుంది. ఇక నవ్వులక్క సంగతా? తెల్లారకముందే లేచే మనిషి కాబట్టి, కార్యక్రమం టీవీలో వచ్చే వేళకి ఆమె ఏ నిద్రలో ఉంటుందో ఆమెకే తెలియదు. తన నవ్వు టీవీలో ఎలా వినిపిస్తుందని ఎవరైనా అడిగితే, బాగానే ఉంటుందట, మా ఆయన చెప్పాడు అంటుంది. ఆ ఆయనా కుర్చీలోనే గుర్రుపెట్టే రకం.

అసలు ఆమెకి నవ్వడం చేతకాదు. నమ్మండి. అంటే చప్పుడు చేస్తూ నవ్వడం.

దానికి కారణం వాళ్ల నాన్న. ఆయన రేడియోలు బాగుచేసేవాడు. ఇంటి ముందుగదే కొట్టు, మధ్యలో ఒక పరదా, పరదా వెనక సంసారం. పనిమంతుడే పాపం. కానీ తనకి అంతుచిక్కని రేడియో వచ్చిందా, నా వల్ల కాదని చచ్చినా అనేవాడు కాదు. కళ్లజోడు తీసేవాడు. చొక్కా అంచు పైకి లాగి రెండు అద్దాలూ నిదానంగా తుడిచేవాడు. మళ్లీ పెట్టుకుని, రేడియోని వేలితో రెండుసార్లు తట్టి, రోగిని చూసే డాక్టరు మొహం పెట్టి, "గాలి మార్పండీ" అనేవాడు. స్టేషను దొరక్కపోయినా గాలి మార్పే. లోపల ఎలుక కాపురం పెట్టి పిల్లల్ని కన్నా గాలి మార్పే. వచ్చినవాళ్లు కూడా, అవునండీ ఈమధ్య గాలి అస్సలు బాగుండడం లేదు అని తలాడించి, రేడియో చంకన పెట్టుకుని వెళ్లిపోయేవాళ్లు.

ఇదంతా పరదా సందులోంచి అక్కా తమ్ముడూ చూసేవాళ్లు. తమ్ముడు అప్పటికే మహానుభావుడు. లేని కళ్లజోడు తీసి, బనీను అంచుతో తుడిచి, పెదాలు మాత్రం కదుపుతూ గాలి మార్పండీ అనేవాడు. అక్కకి నవ్వు తన్నుకుని వచ్చేది. చప్పుడు బయటికి పోయిందంటే వచ్చిన మనిషికి అవమానం, ఆ తర్వాత ఇద్దరి వీపులూ విమానం మోత. అందుకని ఊపిరి బిగబట్టి, పెదాలు బిగబట్టి, భుజాలు ఎగిరెగిరి పడుతుండగా కళ్ల వెంట బొటబొటా నీళ్లు కారేదాకా నిశ్శబ్దంగా నవ్వడం నేర్చుకుంది. నాన్న పోయాడు, కొట్టు పోయింది, పరదా ఏ గుడ్డపీలికలుగా మారిందో, ఆ అలవాటు మాత్రం పోలేదు. ఇప్పటికీ కడుపులోంచి నిజంగా నవ్వొస్తే ఆమెకి కిక్కురుమని శబ్దం రాదు. పెళ్లయిన కొత్తలో ఒకసారి అలా నవ్వుతుంటే, ఆమె భర్త పుట్టింట్లో ఎవరు పోయారని కంగారుగా అడిగాడు. ఎప్పటికైనా అక్క చేత చప్పుడు చేయించాలన్నది తమ్ముడి చిన్ననాటి పంతం. ఆ పంతం ఏనాడూ నెగ్గలేదు.

ఇలాంటి మనిషిని నవ్వే ఉద్యోగంలో పెట్టిన ఘనత ఆ తమ్ముడిదే. నలభై దాటినా, బట్టతల వచ్చినా, కళ్లజోడు వచ్చినా అతను ఇంకా అక్కకి చంటి, కాబట్టి స్టూడియో మొత్తానికీ చంటి. అతని పని చిత్రీకరణ మొదలయ్యే ముందు ఖాళీ వేదిక మీదికొచ్చి జనాన్ని సరదాలోకి దించడం. చప్పట్లు ఎప్పుడు కొట్టాలో నేర్పుతాడు, నిద్రమొహాలని ఆటపట్టిస్తాడు, నాలుగు జోకులు చెప్పి హాలుని వేడెక్కించి, యాంకరు వచ్చే సమయానికి పక్కకి తప్పుకుంటాడు. టీవీలో అతని నీడ కూడా కనిపించదు. అక్క అప్పట్లో అదే స్టూడియోలో దుస్తుల గదిలో ఇస్త్రీ చేసేది, ఆవిరికి చేతులు బొబ్బలెక్కేవి. అది చూడలేక చంటి నిర్మాత దగ్గరికి వెళ్లి, మా అక్క నవ్విందంటే వీధి వీధంతా లేచి కూర్చుంటుంది సార్ అని ఒక పచ్చి అబద్ధం అప్పజెప్పాడు. సోమవారం నుంచి రమ్మన్నారు.

తమ్ముణ్ని తిట్టాల్సిన తిట్లన్నీ తిట్టాక, ఆమె కూర్చుని ఒక నవ్వు తయారుచేసుకుంది. మొదలు అత్తగారిది, పైనుంచి జారే పకపక. మధ్యలోది వీధి చివర కూరగాయలమ్మిది, దానికి బలం ఎక్కువ. చివర్లో ఆగీ ఆగనట్టు వచ్చే తోక మాత్రం భర్త పాత స్కూటరు స్టార్టయ్యేటప్పటిది. స్నానాలగదిలో కుళాయి తిప్పి సాధన చేస్తుంటే పక్కింటావిడ వచ్చి తలుపు కొట్టింది, అంతా క్షేమమేనా అని. అతుకుల బొంతే గానీ, సోమవారానికి సరుకు సిద్ధమైంది. అప్పటినుంచీ చంటి జనానికి పాఠం చెప్పేటప్పుడు ఆఖరున ఒక మాట చేర్చాడు. "నవ్వాలో వద్దో అనుమానం వస్తే మూడో వరసలో అదుగో, ఆ అక్కని చూడండి. ఆవిడ నవ్విందా, మీరూ నవ్వేయండి. పూచీ నాది."

ఆ రోజు అతిథిగా రావలసింది ఒక సినిమా హీరో. పొద్దున్నే గొంతు పోయిందని కబురొచ్చింది. రచయితలు గోళ్లు కొరుక్కున్నారు, నిర్మాతకి తల ప్రాణం తోకకొచ్చింది. అప్పుడు యాంకరు, రోజూ జనాన్ని నవ్విస్తూనే ఉన్నావుగా, అదేదో కెమెరా ముందే ఐదు నిమిషాలు చెయ్యవోయ్ అని చంటితో అన్నాడు. ఆయనకి అది గండం గట్టెక్కే దారి. చంటికేమో ఇన్నేళ్లుగా ఎదురుచూసిన మాట.

కబురు తెలిసి అక్క ఆనందానికి పట్టపగ్గాల్లేవు. దుస్తుల గదిలోంచి ఒక కోటు తెచ్చి, పొడుగు చేతులు లోపలికి మడిచి కుట్టింది. క్యాంటీన్‌లో మూలబల్ల దగ్గర కూర్చోబెట్టి బలవంతంగా టీ తాగించింది. అతను కప్పు వంకే చూస్తూ, నెమ్మదిగా అసలు సంగతి బయటపెట్టాడు.

"అక్కా, ఇవాళ నా వంతు వచ్చినప్పుడు నువ్వు నవ్వకు."

ఆమె వేళాకోళం అనుకుంది. "నవ్వకపోతే నన్నెందుకురా పెట్టుకున్నారు ఇక్కడ, అలంకారానికా?"

"ఆ ఐదు నిమిషాలే. నేను రోజూ మాట్లాడుతున్నా, నువ్వు నవ్వుతున్నావు, హాలంతా నవ్వుతోంది. వాళ్లు నా మాటకి నవ్వుతున్నారో, నీ నవ్వుకి నవ్వుతున్నారో ఒక్కసారైనా నాకు తెలియొద్దూ? తెలియకుండానే ముసలాణ్నయిపోతానేమో అక్కా."

తను ప్రేమగా చేస్తున్నాననుకున్న పని వాడికి ఇన్నాళ్లూ చెప్పులో రాయిలా గుచ్చుకుంటోందని ఆమె కలలో కూడా అనుకోలేదు. ఎవరూ నవ్వకపోతేనో అని అడిగింది. నవ్వకపోతే అదీ తెలుస్తుందిగా అన్నాడు. అని ఊరుకోకుండా, నా మీద ఒట్టెయ్యి అని తల ముందుకి వంచాడు. ఆమె చెయ్యి పెట్టి ఒట్టేసింది. మేకప్ వాళ్లు తలకి ఏం పూశారో గానీ అరచెయ్యి జిగురుగా అంటుకుంది, సబ్బు పెట్టి కడిగినా పోలేదు. ఆ జిగురు చేత్తోనే వెళ్లి మూడో వరసలో కూర్చుంది. ఒక్కరూ నవ్వకపోతే వీడు ఆ దెబ్బ నుంచి జన్మలో తేరుకోడని ఆమె భయం.

హాలు నిండింది. ఎప్పటిలాగే ముందు చంటి వచ్చాడు. కొత్త కోటులో బిగుసుకుపోయి ఉన్నా నాలుక మాత్రం అలవాటైన దారిలో పరిగెత్తింది. చప్పట్లు నేర్పాడు, ముందు వరసలో ఆవలించినాయన్ని ఆటపట్టించాడు. ఆఖరున, ఏళ్ల తరబడి అరగదీసిన మాట కదా, దానంతటదే జారిపోయింది. "అనుమానం వస్తే మూడో వరసలో అదుగో, ఆ అక్కని చూడండి. పూచీ నాది."

ఓరి నీ తెలివి తెల్లారిపోనూ అనుకుంది అక్క. సైగ చేసి చెబుదామంటే అతను అప్పటికే తెర వెనక్కి వెళ్లిపోయాడు. తనేం అన్నాడో తనకే తెలియదు.

యాంకరు వచ్చాడు. ఆయన వంతు అంతా నల్లేరు మీద బండి నడకలా సాగింది. ఆమె లెక్కప్రకారం నవ్వింది, జనం ఆమెని చూసి నేర్చుకుని, నాలుగో జోకుకల్లా ఆరితేరిపోయారు. ఆ తర్వాత యాంకరు, మా ఇంట్లోనే ఇన్నాళ్లు దాచిపెట్టుకున్న మనిషి అంటూ చంటిని పిలిచాడు.

చంటి మొదటి జోకు, ఇంట్లో రిమోటు పోవడం గురించి. తిరుగులేని జోకు, చిత్రీకరణకి ముందు వందసార్లు పండింది. ఆఖరి మాట పడింది. హాల్లో ఉన్న తలలన్నీ ఒక్కసారిగా మూడో వరస వైపు తిరిగాయి.

ఆమె కుర్చీ చేతులు రెండూ గట్టిగా పట్టుకుని, పెదాలు కుట్టేసినట్టు కూర్చుంది. జనం ఆమె మొహం చూశారు. ఓహో, జోకు ఇంకా అవలేదు కాబోలు అనుకున్నారు. చాలా మర్యాదగా ఎదురుచూశారు.

చంటి రెండో జోకు ఎత్తుకున్నాడు. మళ్లీ తలలన్నీ తిరిగాయి, మళ్లీ మర్యాద. కెమెరా పక్కన ఫ్లోర్ మేనేజరు పిల్ల వేలు గాల్లో గిర్రున తిప్పుతోంది, నవ్వమని. ఆ పిల్ల చెవిలోని ఇయర్‌ఫోనులోంచి నిర్మాత అరుపులు మూడో వరసకి కూడా వినబడుతున్నాయి. నవ్వులక్క పైకప్పులో లైట్లని చూడడం మొదలుపెట్టింది. ఉద్యోగం ఊడితే ఊడింది, మళ్లీ ఇస్త్రీ పెట్టె పట్టుకోవచ్చు. కానీ అక్కడ, వెలుగులో ఒంటరిగా నిలబడి, చెమటకి మెరుస్తున్న నుదురుతో నవ్వడానికి ప్రయత్నిస్తున్నవాణ్ని ఎలా చూడడం? తమ్ముడి మీద కోపం, జాలి, ప్రేమ మూడూ ఒక్కసారే ముంచుకొచ్చాయి. గొంతులో అత్తగారి పకపక సిద్ధంగా ఉంది. ఒక్క హ అంటే చాలు, హాలంతా అందుకుంటుంది, వాడు గట్టెక్కుతాడు. కాకపోతే మొదటి హ దగ్గరే వాడికి తెలిసిపోతుంది, అది తయారుచేసిన సరుకని. ఇక జన్మలో మళ్లీ ఆ మాట అడగడు. ఒట్టు తప్పడమా, తప్పకపోవడమా అని కొట్టుమిట్టాడి, ఉండబట్టలేక ఆమె నోరు సగం తెరిచింది కూడా.

సరిగ్గా అప్పుడే చంటి మూడో జోకు మరిచిపోయాడు. మరిచిపోవడమంటే మామూలుగా కాదు, తుడిచిపెట్టుకుపోయింది. నోరు కదలలేదు. చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. ఏం చేస్తున్నాడో తెలియకుండానే కళ్లజోడు తీశాడు. కోటు కిందనుంచి చొక్కా అంచు బయటికి లాగి, అన్ని కెమెరాల ముందూ రెండు అద్దాలూ నిదానంగా తుడిచాడు. పెట్టుకున్నాడు. మైకుని వేలితో రెండుసార్లు తట్టి, రోగిని చూసినట్టు చూశాడు.

"గాలి మార్పండీ" అన్నాడు.

హాల్లో ఎవరికీ ముక్క అర్థం కాలేదు. నవ్వులక్కకి మాత్రం వేదిక మీద నాన్న నిలబడ్డట్టయింది. ఎలుక పిల్లలు, చంకన రేడియో పెట్టుకుని వెళ్లిపోయే మనుషులు, బనీను అంచుతో తుడిచిన లేని కళ్లజోడు, అన్నీ ఒక్కసారి కడుపులోంచి పైకి ఎగదన్నాయి. అత్తగారు లేదు, కూరగాయలమ్మి లేదు, స్కూటరు లేదు. భుజాలు ఎగిరెగిరి పడ్డాయి. కళ్ల వెంట నీళ్లు బొటబొటా కారాయి. ముందుకి వంగిపోయింది. ఆ వరసలో కుర్చీలన్నీ ఒకదానికొకటి బిగించి ఉంటాయి కాబట్టి వరసంతా ఊగడం మొదలుపెట్టింది. పక్కన కూర్చున్న పెద్దాయన హడలిపోయి, "ఏమైందమ్మా, నీళ్లు తాగుతావా?" అని తన సీసా అందించాడు. వెనకనుంచి ఎవరో డాక్టరున్నారా అని అడిగారు. హాలంతా గుసగుసలు.

చంటి వేదిక మీదనుంచి చూశాడు. చేతిలో మైకు అలాగే ఉంది. ఊగుతున్న ఆ భుజాలని, చప్పుడు లేని ఆ నోటిని చూస్తూ అతను అలా ఎంతసేపు నిలబడ్డాడో. చెమట పట్టిన మొహం మెల్లగా విప్పారింది. ఈ హాలు నవ్వితే ఎంత, నవ్వకపోతే ఎంత అన్నంత నిబ్బరం వచ్చేసింది మనిషికి.

"కంగారు పడకండి" అన్నాడు జనంతో. "అది మా అక్క. ఏడవట్లేదండీ, నవ్వుతోంది. రోజూ మీరు వినేది ఆవిడ ఉద్యోగం నవ్వు. ఇది ఇంటి నవ్వు. దీనికి చప్పుడుండదు. ఎందుకుండదంటే, మా నాన్న రేడియోలు బాగుచేసేవాడు..."

అంతే, రాసుకున్న జోకులన్నీ గాలికి వదిలేసి, ముందుగది, పరదా, ఎలుక కాపురం, నాన్న చొక్కా అంచు, అన్నీ చెప్పుకుపోయాడు. మొదట నవ్వింది నీళ్ల సీసా పట్టుకున్న పెద్దాయన. పకాలున నవ్వి, సీసాలో నీళ్లు ఒళ్లో పోసుకున్నాడు. ఆ వెనక అటు ఇద్దరు, ఇటు నలుగురు, ఆ తర్వాత హాలంతా. ఒక్క తల కూడా మూడో వరస వైపు తిరగలేదు. చంటి ఎక్కడ ఆగినా, గాలి మార్పండీ అని జనమే అందిస్తున్నారు. యాంకరు బల్ల మీద తల వాల్చేశాడు. ఫ్లోర్ మేనేజరు పిల్ల వేలు తిప్పడం మరిచిపోయి కడుపు పట్టుకుంది. అందరి నవ్వులూ అయిపోయి, శుభరాత్రి చెప్పి, జనం ఎండలోకి వెళ్లిపోయాక కూడా నవ్వులక్క ఇంకా కళ్లు తుడుచుకుంటూనే ఉంది.

అక్కా తమ్ముడూ నడవలో కలుసుకున్నారు. ఆమె అతని కోటు భుజం దులిపింది, దుమ్మేమీ లేకపోయినా. ఇంతలో సౌండు చూసే ఆయన వచ్చాడు, చెవుల మీద ఎప్పుడూ హెడ్‌ఫోను డిప్పలుంటాయి కాబట్టి అందరూ ఆయన్ని చెవులాయన అంటారు. మనిషి మంచివాడే, పని పిచ్చి. అంతా బ్రహ్మాండంగా వచ్చింది, ఒక్కటే చిక్కు అన్నాడు. మొదట గాలి మార్పండీ అన్నాక చాలాసేపు మైకులకి ఏ శబ్దమూ అందలేదట, హాల్లో గుసగుసలు కూడా. టీవీలో అది చచ్చిపోయినట్టు ఉంటుందట. దానికేం, నవ్వులక్క పాత నవ్వులు తన దగ్గర బోలెడు దాచి ఉన్నాయి, మంచిది ఒకటి ఏరి అక్కడ అతికించేస్తానని భరోసా ఇచ్చాడు.

చంటి మొహం వాడిపోయింది.

"వద్దు బాబూ" అంది ఆమె. "ఎలా ఉందో అలాగే ఉంచండి."

అంతసేపు నిశ్శబ్దం ఏ టీవీలోనూ ఉంచరమ్మా, చూసేవాళ్లు ఏమనుకుంటారు అని చెవులాయన గోల పెట్టాడు.

"మీకు నిశ్శబ్దంగా ఉంది గానీ, నేను నవ్వింది అక్కడే బాబూ. దాని మీద ఇంకో నవ్వు వెయ్యకండి."

చెవులాయన ఆమెనీ, చంటినీ మార్చి మార్చి చూశాడు. డిప్పలు సర్దుకుని, సరేలెండి అని గొణుక్కుంటూ వెళ్లిపోయాడు. అన్నమాట ప్రకారం అలాగే ఉంచాడు కూడా. ఆ రాత్రి చూసినవాళ్లలో కొందరు టీవీ చెడిపోయిందనుకుని రెండుసార్లు తట్టి చూశారట.

ఆయన వెళ్లిపోయాక చంటి కళ్లజోడు తీశాడు. చొక్కా అంచు ఇంకా బయటే వేలాడుతోంది. దాంతో ఒక అద్దం తుడిచాడు, రెండోది తుడిచాడు, మళ్లీ మొదటిది తుడిచాడు. అవి నిజంగానే తడిసి ఉన్నాయి.

"ఏంట్రా?" అంది అక్క.

"గాలి మార్పక్కా" అన్నాడు.